ఆళ్లగడ్డలో క్రొయేషియా కెప్టెన్

ఎమర్జెన్సీ రోజుల్లో క్రొయేషియా అనే చోటు ఒకటుందని ఆళ్లగడ్డ మొత్తానికి తెలిసినవాళ్లం ఇద్దరమే. ఒకడిని నేను. రెండో మనిషి మా హైస్కూలు అటెండరు. అతనికి చెప్పింది నేనే.

ఉద్యోగంలో కొత్తగా చేరిన ఉపాధ్యాయులు అప్పుడప్పుడు నా దగ్గరికొచ్చి, "మీరు జీవితమంతా మూఢత్వం మీద పోరాడారట, ఏదైనా అనుభవం చెప్పండి" అని అడుగుతుంటారు. గెలిచిన వాదాలు నాకు చాలానే ఉన్నాయి. వాటి గురించి నేనే రాసుకున్నాను, నేనే అచ్చు వేయించుకున్నాను, అమ్ముడుపోని కాపీలు ఇంకా మంచం కింద ఉన్నాయి. ఓడిపోయిన సంగతి మాత్రం ఇంతవరకు రాయలేదు. ఆ ఒక్కటీ ఇప్పుడు చెబుతాను.

నేను సోషల్ మాస్టారిని. మొదట నంద్యాలలో పనిచేశాను. అక్కడ ఒకే వారంలో ఒక పురాణ పండితుడితోనూ ఒక పాస్టరుగారితోనూ బహిరంగ చర్చకు దిగాను. మంగళవారం పునర్జన్మ లేదనీ, శుక్రవారం పునరుత్థానం లేదనీ తేల్చేశాను. అంతవరకు ఎదురుపడితే ముఖం తిప్పుకునే ఆ ఇద్దరు పెద్దమనుషులూ శనివారం ఒకే బెంచీ మీద కూచుని నా మీద ఒకే అర్జీకి సంతకాలు చేశారు. మతసామరస్యానికి నాకన్నా ఎక్కువ పాటుపడినవాడు ఆ తాలూకాలో లేడని ఇప్పటికీ నా నమ్మకం. ప్రభుత్వం నన్ను ఆళ్లగడ్డకు మార్చింది.

నంద్యాల వదిలే ముందు, పాత కాగితాలు తూకానికి కొనే ఒక అంగట్లో లావుపాటి ఇంగ్లీషు పుస్తకం దొరికింది. అట్ట లేదు, మొదటి పేజీలు లేవు, రాసిందెవరో ఈరోజుకీ తెలియదు. రెండో ప్రపంచ యుద్ధంలో యూరప్ మారుమూలల్లో ఏం జరిగిందో అందులో ఉంది. ఒక అధ్యాయం క్రొయేషియా ఫాసిస్టు సైన్యంలో పనిచేసిన ఒక కెప్టెన్ గురించి.

ఆ కెప్టెన్ యుద్ధానికి ముందు పల్లెటూరి బడిపంతులు. చెప్పింది భూగోళం. జర్మన్లూ ఇటాలియన్లూ వచ్చి యుగోస్లావియాను ముక్కలు చేసి, ఒక ముక్కను అక్కడి ఫాసిస్టుల చేతిలో పెట్టి, ఇది మీ స్వతంత్ర దేశం అన్నారు. పంతులు సుద్దముక్క పడేసి నల్ల యూనిఫాం తొడుక్కున్నాడు. నేర్చిన భూగోళం అప్పుడు అక్కరకొచ్చింది. ఏ లోయలో ఏ ఊరుందో, ఏ ఊళ్లో ఎవరు ఏ చర్చికి పోతారో అతనికి కంఠతా వచ్చు. అక్కడి సెర్బు రైతులు తూర్పు పద్ధతి చర్చివాళ్లు. కెప్టెనూ అతని వాళ్లూ రోము చర్చివాళ్లు. కెప్టెన్ ఊరి మధ్యలో బల్ల వేయించుకుని కూచునేవాడు. రైతును పిలిపించి మోకాళ్ల మీద నిలబెట్టి ముందు ఒక కాగితం పెట్టేవాడు. మీ చర్చిలోకి మారుతున్నానని వేలిముద్ర వేస్తే ప్రాణం మిగిలేది, అదీ ఒక్కోసారి. వేయకపోతే మనిషే కాదు, ఊరే మిగిలేది కాదు. సాయంత్రం పైవాళ్లకు రిపోర్టు రాసేవాడు: ఫలానా ఊరు పరిశీలించబడినది, ప్రస్తుతం నివాసులు ఎవరూ లేరు. ఆ రిపోర్టుల్లో ఒక్క అబద్ధం కూడా ఉండదట. భార్యకు రాసే ఉత్తరాల్లో మాత్రం తన జలుబు గురించీ, కాలరుకు గంజి పట్టడం లేదనీ, అక్కడ దొరికే సబ్బు నురగ రావడం లేదనీ ఉండేది. ఓడిపోతున్నామని తెలియగానే యూనిఫాం పాతిపెట్టి, సన్యాసి అంగీ ఒకటి తగిలించుకుని కొండలు దాటాడు. ఓడెక్కి దక్షిణ అమెరికాలో దిగి రొట్టెల బట్టీ పెట్టుకున్నాడు. రొట్టెలు బాగుండేవని కూడా ఆ పుస్తకంలో ఉంది.

ఆ అధ్యాయం నాలుగుసార్లు చదివాను. మతం ఒక చేత, తుపాకీ ఒక చేత పట్టుకున్న మనిషికి సబ్బు గురించి బాధపడే తీరిక ఎలా ఉంటుందన్నదే నాకు అంతుపట్టలేదు. దీన్ని జనానికి చూపించాలనుకున్నాను. స్కూలు వార్షికోత్సవం దగ్గర పడుతోంది. నాటకం రాస్తానని హెడ్మాస్టరు దగ్గరికి పోయాను.

ఆయన నెమ్మదస్తుడు. అన్నిటికన్నా నన్ను చూస్తేనే ఆయనకు ఎక్కువ భయం. "చూడప్పా, రాజకీయం ఉండగూడదు, ప్రభుత్వాన్ని అనగూడదు, దేవుణ్ని తిట్టగూడదు. ఈ మూడూ తీసేస్తే నీ దగ్గర ఏం మిగుల్తాది?"

"క్రొయేషియా మిగులుతుంది సార్."

"అది యాడుండాది?"

"యూరప్‌లో."

"మన జిల్లాలో లేదు గదా?"

"లేదు సార్."

"అయితే రాసెయ్."

కథ చెప్పాను. అంతా విని, "ఇద్దరూ కిరస్తానోళ్లే అంటివి. మల్ల మతం మార్చేదేందప్పా?" అన్నాడు. నేను రోము సంగతీ తూర్పు చర్చి సంగతీ మొదలుపెట్టాను. మూడు శతాబ్దాలు దాటేసరికి ఆయన కళ్లు మూతలు పడుతున్నాయి. అప్పుడు టీ తెచ్చిన అటెండరు గ్లాసులు పెడుతూ అన్నాడు: "మా పేటలో రెండు చర్చిలుండాయి సార్. ఈ చర్చోళ్లు ఆ చర్చోళ్ల ఇంట్లో చావుకు గూడా పోరు."

"ఓహో, అట్లనా," అన్నాడు హెడ్మాస్టరు. నా ఉపన్యాసం అవసరం అక్కడితో తీరిపోయింది.

ఈ అటెండరు గురించి చెప్పాలి. బండి ఆత్మకూరు పక్కన ఒక పల్లెలో, ఊరి బయటి పేట నుంచి వచ్చినవాడు. తాతల కాలంలో అంటరానితనం తప్పించుకోవడానికి చర్చిలో చేరిన కుటుంబం. చర్చిలో చేరారు గానీ అంటరానితనం తప్పలేదు. ఎనిమిదో తరగతి పాసు. చర్చి పాటలతో సానబెట్టిన గొంతు. ఆళ్లగడ్డలో ఏ నాటకం ఆడినా తెర తాడు లాగేది అతనే. తాడు పట్టుకుని నిలబడి నాటకాలన్నీ కంఠతా పట్టాడు, వేషం మాత్రం ఎవరూ ఇవ్వలేదు. రాముడికీ దుర్యోధనుడికీ కూడా ఇక్కడ కులం చూస్తారు. మా స్కూల్లో తొమ్మిదేళ్లుగా టెంపరరీ. పర్మినెంటు కావాలంటే ఇతని నడవడిక మంచిదని స్కూలు కమిటీ అధ్యక్షుడు ఒక ఉత్తరం ఇవ్వాలి. ఆ అధ్యక్షుడు ఆ చుట్టుపక్కల తరతరాల భూస్వామి. ఊరంతా పెద్దాయన అనేవాళ్లు. వార్షికోత్సవం అయినాక చూద్దామని పెద్దాయన మాట ఇచ్చాడు. ఆ ఉత్తరం వస్తే అటెండరుకు జీవితాంతం అన్నం. రాకపోతే మళ్లీ కూలి.

ఆ రోజుల్లో పదిమంది కూడాలంటే పోలీసుల అనుమతి ఉండాలి. నాటకం రాసి స్టేషనుకు తీసుకుపోయాను. ఎస్సైగారు ఎర్ర పెన్సిలు తీసుకుని మొదటి పేజీ నుంచి చదివారు.

"ఈ కెప్టెన్ ఏ సెక్షన్ కింద పట్టుకుంటాండాడు?"

"సెక్షన్ లేదు సార్. అతను ఫాసిస్టు."

"ఫాసిస్టైతే మాత్రం సెక్షన్ లేకుండా ఎట్ల పట్టుకుంటాడు? జనం ఏమనుకుంటారు?"

ఆయనే మార్జిన్‌లో ఒక సెక్షన్ రాశారు. ఆ సంవత్సరం దేశంలో ఎంతమందిని ఎందుకని చెప్పకుండా పట్టుకుపోయారో ఆయనకూ తెలుసు, నాకూ తెలుసు. ఇద్దరం ఆ సెక్షన్ వైపే చూస్తూ కూచున్నాం. తర్వాత చివరి రంగం దగ్గర పెన్సిలు ఆగింది.

"ఆఫీసరు పారిపోయేది బాగలేదు మాస్టారూ. డిపార్ట్‌మెంటుకు చెడ్డపేరు. సెలవు పెట్టి పోయినాడని రాయి."

"సన్యాసి వేషంలో పారిపోయాడు సార్. చరిత్ర."

"అయితే సన్యాసి వేషంలో సెలవు పెట్టి పోయినాడని రాయి. ఇంకోటి, యూనిఫాం కాకీ ఉండగూడదు. ఉంటే నిన్ను లోపలేస్తా. పొద్దు మునిగేలోపల అయిపోవాల. జాతీయగీతం పాడి ఇండ్లకు పోవాల."

ప్రతి పేజీ మీదా స్టేషను ముద్ర వేసి ఇచ్చారు. నా రచనల్లో ప్రభుత్వ ఆమోదం పొందినది అదొక్కటే.

ఇక వేషాలు. పెద్దాయనకు ఒక తమ్ముడున్నాడు. మంచివాడు, కల్మషం లేదు, నాటకాల పిచ్చి. పౌరాణికాల్లో రాజు వేషాలు కట్టేవాడు. మా సీమలో పద్యం బాగా పాడితే జనం వన్స్ మోర్ అంటారు. అన్నారంటే నటుడు మళ్లీ పాడాల్సిందే. పాడకపోతే జనాన్ని అవమానించినట్టు లెక్క. యుద్ధంలో చచ్చి పడిపోయిన రాజు కూడా వన్స్ మోర్ వినబడితే లేచి, పంచె దులుపుకుని, పద్యం మళ్లీ పాడి మళ్లీ చచ్చిపోతాడు. కొత్తపల్లెలో తమ్ముడుగారికి ఒకే పద్యానికి నాలుగు వన్స్ మోర్లు పడ్డాయట. ఈ సంగతి ఆయనే కనిపించిన ప్రతివాడికీ చెప్పేవాడు.

ఆయన నా దగ్గరికొచ్చాడు. "ఈ నాటకంలో హీరో ఎవురు సార్?"

"కెప్టెన్‌కు లొంగని రైతు. చివరికి ప్రాణమిస్తాడు."

"పద్యాలెన్ని?"

"క్రొయేషియాలో రైతులు పద్యాలు పాడరండీ."

"పద్యం లేకుంటే హీరో ఎట్లయితాడు సార్?"

మా తెలుగు పండితుడు నాలుగు పద్యాలు రాసిచ్చాడు. మూడో పద్యంలో క్రొయేషియా రైతు శ్రీశైలం మల్లన్నకు మొక్కుకుంటాడు. అతను క్రైస్తవుడండీ అని మొత్తుకున్నాను. అక్కడ ఛందస్సుకు మల్లన్న తప్ప ఇంకెవరూ సరిపోరన్నాడు పండితుడు. నంద్యాలలో ఇద్దరు మతపెద్దలను ఎదిరించిన నేను ఛందస్సును ఎదిరించలేకపోయాను.

కెప్టెన్ వేషం మాత్రం ఎవరూ తీసుకోలేదు. కిరీటం లేదు, పద్యం లేదు, నంద్యాల పెళ్లి బ్యాండువాళ్ల దగ్గర తెచ్చిన ఇత్తడి బొత్తాల నల్లకోటు వేసుకుని ఎవరు నిలబడతారని అందరూ జారుకున్నారు. అప్పుడు తలుపు దగ్గర నిలబడ్డ అటెండరు అన్నాడు: "నేను కడ్తా సార్."

నేను పొంగిపోయాను. కులం చూడకుండా వేషం ఇచ్చిన మొదటి మాస్టారిని నేనే కదా అని ఆ రాత్రి డైరీలో రాసుకున్నాను కూడా. నాటకంలో ఎవరు ఎవరి ముందు మోకాళ్ల మీద కూచోవాలో రాసింది నేనే. అయినా ఆ రెండు వేషాల్లో నిజంగా ఎవరెవరు నిలబడుతున్నారో పక్కపక్కన పెట్టి చూడలేదు. నాకు కులం పట్టింపు లేదు కాబట్టి ఎవరికీ ఉండదనుకున్నాను. ఇది మా హేతువాదులు మాత్రమే చేయగల తప్పు. మామూలు మనుషులెవరూ చేయరు.

రిహార్సల్స్‌లోనే తెలియాల్సింది. అటెండరు బల్ల వెనక నిలబడి, చేతులు కట్టుకుని, "మోకాళ్ల మీద కూచోండయ్యా" అనేవాడు.

"ఏమప్పా, ఫాసిస్టు కెప్టెన్ ఎక్కడైనా అయ్యా అంటాడా?"

"నోరు రాలేదు సార్."

"ఆయన ఇప్పుడు సెర్బు రైతు. నీకు అయ్యా కాదు."

"నాటకంలో కాదు సార్. నాటకం అయిపోయినాంక?"

"నాటకం నాటకమే. ఎవరూ మనసులో పెట్టుకోరు."

"నువ్వు పెట్టుకోవు సార్," అన్నాడు మెల్లగా.

తమ్ముడుగారు రిహార్సల్స్‌లో ఒక్కసారి కూడా మోకాళ్ల మీద కూచోలేదు. కుర్చీలో కూచుని పద్యం అందుకునేవాడు. "మోకాళ్ల సంగతి ఆ పొద్దు చూసుకుందాం సార్, ముందు గొంతు కుదరనీ" అనేవాడు. నేను సరే అన్నాను.

వార్షికోత్సవం రోజు మధ్యాహ్నం మూడు గంటలకు తెర లేచింది. ముందు వరస కుర్చీల్లో పెద్దాయన, ఎస్సై, హెడ్మాస్టరు, ఊరి పెద్దలు. వెనక నేల మీద కూలి జనం, పేటల జనం. బండి ఆత్మకూరు వైపు నుంచి అటెండరు బంధువులు కూడా బండ్లు కట్టుకుని వచ్చారు. తెర తాడు ఆ రోజు డ్రిల్లు మాస్టారు లాగాడు.

అటెండరు నల్లకోటు, ఎన్సీసీ బూట్లు వేసుకుని రంగం మీదికి వచ్చాడు. నేను పక్క తెర వెనక నిలబడి చూస్తున్నాను. మొదటి రెండు రంగాలూ సాఫీగా నడిచాయి. జలుబు గురించి భార్యకు ఉత్తరం రాసే చోట జనం నవ్వారు. సెక్షన్ చదివే చోట ఎస్సైగారు తల ఊపారు. మూడో రంగంలో రైతును పట్టుకొచ్చారు. తమ్ముడుగారు తలపాగా సవరించుకుని ఛాతీ విరిచి నిలబడ్డాడు. కెప్టెన్ కాగితం తీసి బల్ల మీద పెట్టాడు. తల ఎత్తాడు. తొమ్మిదేళ్లలో ఆ స్కూల్లో ఎవరూ వినని గొంతు ఆ మనిషిలో నుంచి వచ్చింది.

"కూచో. మోకాళ్ల మీద."

ఆ గొంతుకు తమ్ముడుగారు ఆలోచించకుండా కూచున్నాడు. కూచున్నాక ఒక్క క్షణం తానే ఆశ్చర్యపోయినట్టు కనిపించాడు. వెంటనే ఆయన చేతులెత్తి మల్లన్న పద్యం అందుకున్నాడు. బాగానే పాడాడు. ఆఖరి రాగం ఇంకా ముగియకముందే వెనక నేల మీద నుంచి ఒక గొంతు లేచింది: "వన్స్ మోర్." ఆ వెనకే యాభై, వంద.

తమ్ముడుగారి ముఖం వెలిగిపోయింది. జనం వైపు తిరిగి దండం పెట్టాడు. "పద్యం కాన్నుంచి ఎత్తుకోమంటారా?"

"కూచునే కాన్నుంచి," అంది వెనక జనం.

కెప్టెన్ నా వైపు చూశాడు. ఆపమంటావా అని అడుగుతున్న చూపది. ఇక్కడ నిజం చెప్పాలి. అప్పటిదాకా నేను రాసినదేదీ ఎవరూ రెండోసారి అడగలేదు. నా ప్రసంగాలకు వన్స్ మోర్ ఎప్పుడూ పడలేదు. చెయ్యి ఊపాను, కానివ్వమని.

తమ్ముడుగారు లేచి, మోకాళ్లు దులుపుకుని, ఛాతీ విరిచాడు. "కూచో. మోకాళ్ల మీద." కూచున్నాడు. పద్యం. వన్స్ మోర్. మూడోసారి నాకు అర్థమైంది. పద్యం వచ్చినప్పుడు వెనక జనం ఒకరితో ఒకరు మాట్లాడుకుంటున్నారు. ఆయన మోకాళ్లు నేలకు తగిలే క్షణంలో మాత్రం ఈల వేస్తున్నారు. ముందు వరస కుర్చీల్లో ఎవరూ కదలడం లేదు. పెద్దాయన రంగం వైపు చూడటం మానేసి వెనక ఎవరెవరున్నారో చూస్తున్నాడు.

నాలుగోసారి కెప్టెన్ బల్ల మీదుగా ముందుకు వంగాడు. "చాలయ్యా," అన్నాడు లోగొంతుతో. పక్క తెరలో ఉన్న నాకు వినబడింది.

"కానీరా, జనం అడుగుతాంటే," అన్నాడు తమ్ముడుగారు, చెమట తుడుచుకుంటూ. "కొత్తపల్లెలో నాలుగే."

ఏడుసార్లు. ఏడోసారికి తమ్ముడుగారు లేవడానికి బల్ల పట్టుకోవాల్సి వచ్చింది. ముఖంలో మాత్రం ఆనందం. ఎస్సై గడియారం చూసుకున్నాడు. పొద్దు వాలిపోయింది. ఆయన లేచి ఈల ఊదాడు. జాతీయగీతం మొదలైంది. మోకాళ్ల మీదున్న రైతు లేచి నిలబడ్డాడు, కెప్టెనూ నిలబడ్డాడు. ఊరు తగలబడలేదు, రైతు చావలేదు, కెప్టెన్ సెలవు పెట్టలేదు. ఆ ఊరు బతికి బట్టకట్టింది మా స్కూలు మైదానంలో మాత్రమే.

మర్నాడు పొద్దున్నే పెద్దాయన కబురు పెట్టాడు. వరండాలో కూచుని ఉన్నాడు. పక్కన స్టూలు మీద అటెండరు పర్మినెంటు ఫైలు.

"నాటకం బాగుండె సార్."

"సంతోషమండీ."

"మావాడు కింద కూచోవాలని నువ్వే రాస్తివా?"

"అవునండీ. కథ అది."

"ఎన్నిసార్లు రాస్తివి?"

"ఒక్కసారే."

"వాడు ఎన్నిసార్లు కూచోబెట్టె?"

ఆయనే ఏడు వేళ్లు చూపించాడు.

"అదే రాసియ్యి. నాటకంలో ఒకసారి ఉండాది, అటెండరు ఏడుసార్లు చేయించినాడు అని. ఇంకేం రాయొద్దు. నిన్ను అబద్ధం రాయమనడంలే. నువ్వు అబద్ధం రాయవంట గదా."

జనం అడిగారని రాయొచ్చు. అది మన నాటకాల ఆచారమని రాయొచ్చు. చెయ్యి ఊపింది నేనని రాయొచ్చు. ఈ మూడింటిలో ఏదీ రాయలేదు. అప్పటికే ఒకసారి బదిలీ అయినవాణ్ని. ఇంట్లో ఇద్దరు చిన్నపిల్లలు. ఆ రోజుల్లో ప్రభుత్వ ఉద్యోగం ఊడాలంటే పెద్ద కారణం అక్కర్లేదు. ఇవన్నీ కారణాలే, ఏ ఒక్కటీ సమాధానం కాదు. స్కూలుకు పోయి తెల్లకాగితం మీద మూడు వాక్యాలు రాశాను. ఒక్క అబద్ధం లేదు. సంతకం పెట్టాను, కవర్లో పెట్టాను, హెడ్మాస్టరుకు పోవాల్సిన కాగితాల్లో వేసి తొమ్మిదో తరగతికి పాఠం చెప్పడానికి పోయాను. ఆ రోజు పాఠం పౌరుల హక్కులు. బాగానే చెప్పానని గుర్తు.

కెప్టెన్ రిపోర్టులు ఎలా రాసేవాడో, రాసి జలుబు గురించి ఎలా ఆలోచించేవాడో నాకు ఆ సాయంత్రం తెలిసింది. పుస్తకం తెరవాల్సిన అవసరం లేకుండానే తెలిసింది.

రెండు రోజులకు హెడ్మాస్టరు అటెండరును పిలిచి, నెలాఖరుకు తాళాలు అప్పజెప్పమన్నాడు. అటెండరు ఎందుకని అడగలేదు. సరే సార్ అన్నాడు. ఆ వారమంతా స్టాఫ్ రూములో నాకు టీ ఎప్పటిలాగే తెచ్చిచ్చాడు. నేను ఎప్పటిలాగే తాగాను.

ఇక అతన్ని కాపాడింది ఎవరో చెబుతాను. హేతువాదం కాదు, ఉపాధ్యాయ సంఘం కాదు, నేను అసలే కాదు. నెలాఖరుకు నాలుగు రోజుల ముందు తమ్ముడుగారు మోటారు సైకిలు మీద స్కూలుకు వచ్చాడు. మోకాళ్లకు ఇంకా కట్లున్నాయి. నంద్యాల నాటక పోటీలకు పిలుపొచ్చిందట, ఏడు వన్స్ మోర్ల సంగతి అక్కడిదాకా పాకిందట.

"నా కెప్టెన్ యాడ?" అన్నాడు.

హెడ్మాస్టరు నీళ్లు నమిలాడు. సంగతి విని తమ్ముడుగారు నేరుగా అన్నగారి వరండాకు పోయాడు. నన్నూ వెంట రమ్మన్నాడు, నాటకం నాది కాబట్టి.

"అన్నా, వాణ్ని తీసేస్తాండావంట?"

"వాడు నిన్ను ఏడుసార్లు మోకాళ్ల మీద కూచోబెట్టినాడు."

"జనం అడిగిరి. నా పద్యానికి అడిగిరి. వాడు అట్ల ఉరిమితేనే గదన్నా నాకు పద్యం ఎత్తుకునే ఊపొచ్చేది. ఇంకోడు ఆ మాట అంటే నాకు కూచోబుద్ధే కాదు."

పెద్దాయన నోరు తెరిచాడు. ఆయన చెప్పబోయిన మాట నాకు తెలుసు. జనం నీ పద్యానికి అడగలేదురా, నువ్వు వాడి ముందు మోకాళ్ల మీద కూచున్నందుకు అడిగారు. ఆ మాట అంటే ఊరంతా చూసినదాన్ని తన ఇంట్లో, తన నోటితో ఒప్పుకోవాలి. తమ్ముడు మురిసిపోతూ నిలబడి ఉన్నాడు. పెద్దాయన నా వైపు చూశాడు. నేను నేల చూశాను. చివరికి ఆయన ఫైలు తీసుకుని, నడవడిక మంచిదని రాసి సంతకం పెట్టాడు. కలం ఎంత గట్టిగా నొక్కాడంటే కింది కాగితం మీద కూడా అచ్చు పడింది.

తర్వాత చాలా ఏళ్లు ఆ నాటకం ఆడారు. నంద్యాలలో, కొత్తపల్లెలో, అటెండరు సొంత ఊరి పక్కన బండి ఆత్మకూరులో. ఎమర్జెన్సీ పోయింది, ప్రభుత్వాలు మారాయి, ఎవరి ముద్రా అక్కర్లేకుండా నాటకం మొత్తం ఆడుకోవచ్చు. అయినా ఏ ఊళ్లోనూ మూడో రంగం దాటలేదు. బండి ఆత్మకూరులో పదకొండుసార్లు అడిగారు. తమ్ముడుగారు మోకాళ్లకు దూది మెత్తలు కుట్టించుకున్నాడు. క్రొయేషియాలో ఏం జరిగిందో, ఆ కెప్టెన్ ఊళ్లను ఏం చేశాడో నేను చెప్పాలనుకున్నది జనానికి ఒక్కసారి కూడా చేరలేదు. మంచి కెప్టెన్ అని మాత్రం అందరూ అనేవాళ్లు. ఒక ముసలావిడ మా అటెండరుకు దండం పెట్టి, తన పొలం గట్టు తగాదా తీర్చమని అడిగింది. ఫాసిజం మీద నేను రాసిన నాటకం చేసిన పని అది.

ఫైలు పైన ఎక్కడెక్కడో నిద్రపోయి, అటెండరుకు పర్మినెంటు ఆర్డరు వచ్చేసరికి ఎనభైలు వచ్చాయి. అది వచ్చిన వారంలోనే సున్నిపెంటలో, శ్రీశైలం డ్యాము స్టాఫ్ క్వార్టర్ల దగ్గర నాటకం ఉండింది. మర్నాడు పగటి బస్సులో అడవి దారిన తిరిగి వస్తున్నాం. తమ్ముడుగారు ముందు సీట్లో కాళ్లు బారచాపుకుని నిద్రపోతున్నాడు. అటెండరు నా పక్కన కూచుని ఆర్డరు మడత విప్పి చూసుకుంటున్నాడు. అతన్ని నా పక్కన కూచోబెట్టుకోవడానికి నాకెప్పుడూ అభ్యంతరం లేదు, దాన్ని గొప్పగా చెప్పుకునేవాణ్ని కూడా. ఆ రోజు మాత్రం ఆ పక్క సీటు బరువనిపించింది. చెప్పేశాను. ఆ రోజు పెద్దాయనకు కాగితం రాసిచ్చింది నేనే అని.

"తెలుసు సార్," అన్నాడు, ఆర్డరు మీద నుంచి తల ఎత్తకుండా.

"ఎవరు చెప్పారు?"

"చెప్పేదెవురు సార్. నీ బల్ల మీద కాయితాలు హెడ్మాస్టరు కాడికి మోసేది నేనే గదా. కవరుకు నువ్వు జిగురు పెట్టలే. వరండాలో నిలబడి చదివినా."

బస్సు మలుపు తిరిగింది.

"మరి చింపెయ్యలేదేమప్పా?"

"అనుకుంటి సార్. టీ కాంచే స్టవ్వు గూడా పక్కనే మండుతాండె." ఆర్డరును జాగ్రత్తగా మడిచి జేబులో పెట్టుకున్నాడు. "తొమ్మిదేండ్లు కాయితాలు మోసిన చెయ్యి సార్, చింపనీకి రాలే. తీసకపోయి హెడ్మాస్టరు టేబుల్ మీద పెడ్తి. పైన ఫ్యాను తిరుగుతాండె. యాడికన్నా ఎగిరిపోతాదేమోనని దాని మీద గాజు గుండు పెట్టి వచ్చినా."